అల్లిగడ్డలు

తమిళనాట అన్నూరు నుంచి తిరుప్పూరు పోయే బస్సులో ఒక ముసలామె నా పక్కన కూర్చుంది. ఆమె ఒళ్ళోని గోనెసంచి నుంచి నీళ్ళు కారి నా చీర తడిసిపోయింది. "ఈ బురదమూట నా పక్కనే దాపురించాలా?" అని తెలుగులో గొణిగాను. ఆమె చప్పున నాకేసి తిరిగింది.

"మన భాషేనా పాపా? కోపపడొద్దు. అల్లిగడ్డలు, కలువపూల దుంపలు."

"కూరకా అవ్వా? కరువులో మా జేజి కూడా ఉడకేసేదంట."

"కూరకి కాదు. నా మనవరాలు అల్లిపూల కోసరం కుంటలో దిగింది. నడుంలోతు నీళ్ళే. కాడలు కాళ్ళకి చుట్టుకున్నాయి, బిడ్డ మళ్ళా లేవలేదు. అప్పట్నించి ఏటా దిగి గడ్డలు పెరుకుతా ఉండాను. గట్టున పారేస్తే వానకి మళ్ళా మొలుస్తాయి. అందుకే తినేస్తా."

"అన్నీ అయిపోతాయా?"

"యాడ అయ్యేది? తినేది నేనొక్కదాన్నే కదా."

దిగేటప్పుడు ఒక గడ్డ నా చేతిలో పెట్టింది. "నువ్వూ ఒకటి తిను, కణ్ణు."

ఆ సాయంత్రమే ఉప్పేసి ఉడికించాను. చేదుగా ఉంటే బాగుండేది. తియ్యగా ఉంది.