మినెకో ఎడమ అరచెయ్యి

మిహర రేవులో వేణ్ణీళ్ల స్నానశాల నడిపిన మినెకో ఒకప్పుడు జీతానికి బేస్‌బాల్ ఆడింది. యుద్ధం తర్వాత ఒసాకాలో ఒక మందుల కంపెనీ ఆడవాళ్ల జట్టు పెట్టింది. పోటీలకు టికెట్లమ్మి రెండేళ్లు నడిపి, మూసేసింది. అందులో ఆమె క్యాచర్. బ్యాటు పట్టినవాళ్ల వెనక గొంతుక్కూర్చుని, కసుమి అనే పిల్ల విసిరిన బంతులు పట్టడం ఆమె ఉద్యోగం.

జట్టు పోయాక ఎవరి ఊళ్లకు వాళ్లు వెళ్లిపోయారు. బంతి విసిరే మనిషికి ఒక గోడ చాలు. బ్యాటు పట్టే మనిషి పెరట్లో గాలిని కొట్టుకోవచ్చు. క్యాచర్‌కి మాత్రం ఎదురుగా ఎవరో ఒకరు ఉండాలి. మినెకోకి ఆ మనిషి దొరకలేదు.

మొదట ఆక్టోపస్‌లమ్మే కంజిరో ఒప్పుకున్నాడు. బేరాలకు ముందు రేవు గట్టు మీద కాసేపు విసిరేవాడు.

"గట్టిగా విసురు అన్నా! ఇది బంతా, ఉడికిన ఆక్టోపసా?"

"నా బలమంతా అదేనమ్మా తల్లీ. నువ్వు ఆడదానివని కాస్త దయ చూపించు."

ఆ వారంలోనే కంజిరో భార్య, అప్పట్లో మినెకో అన్న నడిపే స్నానశాలకొచ్చి, అందరూ వినేట్టు అంది. "రోజూ ఆయన భుజానికి నూనె రాయలేక చస్తున్నా. ఆవిడ పట్టేది బంతినో మా ఆయన్నో, ఎవరు చూశారు!"

ఆడవాళ్లు పగలబడి నవ్వారు. మర్నాడు కంజిరో గట్టు మీదికి రాలేదు.

తర్వాత పిన్ని ఒక సంబంధం తెచ్చింది. బ్యాంకు గుమస్తా, నెమ్మదైనవాడు. మినెకో అతన్ని ఒకే ఒక్క మాట అడిగింది: "మీకు బంతి విసరడం వచ్చా?" అతను నవ్వాలో వద్దో తెలియక టీ తాగాడు.

"పెళ్లికొడుకుని అడిగే మాటేనా అది?" దారిలో పిన్ని చీవాట్లు పెట్టింది.

"అంతకంటే అడగాల్సిందేముంది పిన్నీ?"

అన్న పోయాక స్నానశాల ఆమె మీద పడింది. కొత్త సంవత్సరానికి కసుమి ఏటా కార్డు రాసేది. పెళ్లయి నగోయాలో ఉంటోంది. "ఒకసారి వస్తాను. గ్లవ్ ఎండిపోనివ్వకు" అని కింద ఉండేది. బంతి పట్టేందుకు ఎడమచేతికి తొడుక్కున్న ఆ తోలుకు మినెకో నూనె రాసి, గుమ్మం దగ్గర ఆడవాళ్ల వైపూ మగవాళ్ల వైపూ కనబడేట్టు తను కూర్చునే ఎత్తుపీట కింద పెట్టుకునేది.

ఒక శరత్కాలం కసుమి నిజంగానే వచ్చింది. పక్కన భర్త. మియజిమ గుడికి పోతూ, దారిలో దిగారు.

"మేమిద్దరం కంపెనీలో మాత్రలు పొట్లాలు కట్టేవాళ్లం," అని భర్తకు చెప్పింది, మినెకో కళ్లలోకి చూడకుండా.

పీట కింద గ్లవ్ మీదున్న చేతిని మినెకో వెనక్కి తీసుకుంది. "అవునండీ. మీ ఆవిడ చెయ్యి మహా చురుకు."

"అదెక్కడిది! ఇంట్లో ఎప్పుడూ చూడలేదే," అని ఆయన నవ్వుతూ మగవాళ్ల వైపు వెళ్లాడు.

స్నానశాలలో రెండువైపులకీ మధ్య గోడ కప్పుదాకా ఉండదు. మొగుడూ పెళ్లాం ఒకే సబ్బు తెచ్చుకుని, గోడ మీంచి విసురుకుంటారు. కాసేపటికి అవతలినుంచి కేక వినిపించింది.

"ఏమోయ్, సబ్బు!"

కసుమి సబ్బుపెట్టెను మోచేతినుంచి, కోడిని అదిలించినట్టు విసిరింది. గోడకి తగిలి ఇవతలే పడింది. రెండోసారీ అంతే.

"గోడ కూడా దాటించలేవటే! ఎవరు నేర్పారు నీకు విసరడం?"

అవతల మగవాళ్లంతా నవ్వారు. ఎత్తుపీట మీద మినెకో నవ్వలేదు. ఆ భుజం సంగతి ఆమెకు తెలుసు.

కసుమి వంగి పెట్టె తీసుకుంది. తువ్వాలు బిగించుకుని, తెరిచిన తలుపులోంచి ఎత్తుపీట వైపు చూసింది. మినెకో ఎడమ చెయ్యి దానంతటదే గుండె ముందు తెరుచుకుంది. ఒకప్పుడు బంతి విసిరే ముందు లేచినట్టే కసుమి మోకాలు లేచింది. పెట్టె సరిగ్గా అరచేతిలో ఠప్పున పడింది. ఒళ్లు రుద్దుకుంటున్న ఆడవాళ్లు చేతులాపి చూశారు.

"ఏమిటా చప్పుడు?" అన్నాడు భర్త.

"ఏం లేదండీ, జారిపడింది," అని మినెకో పీట మీంచే మగవాళ్ల వైపుకి వంగి పెట్టెను అతనికి అందించింది.

వెళ్లేటప్పుడు కసుమి గొంతు తగ్గించి అడిగింది. "నొప్పెట్టిందా?"

"పెట్టింది."

"ఏం నొప్పి?" వెనకనుంచి భర్త.

"నడుం నొప్పిటండీ, పాపం," అంది కసుమి. రైలు వేళైందని ఇద్దరూ త్వరత్వరగా వెళ్లిపోయారు.

ఆ సాయంత్రం మినెకో స్నానశాల నేలంతా కుడిచేత్తోనే కడిగింది. ఎడమచేతికి నీళ్లు తగలనివ్వలేదు. తెల్లారేసరికి మంట తగ్గిపోయింది. తర్వాతి కొత్త సంవత్సరం కార్డులో వస్తానన్న మాట లేదు. మినెకో గ్లవ్‌కి నూనె రాయడం మానేసింది. ఆ తర్వాత ఎవరినీ విసరమని అడగలేదు.