రాధమ్మ పెట్టిన సాక్షి సంతకం

రాధమ్మకు తోడబుట్టినవాళ్లు లేరు. అత్వెల్లిలో రోడ్డు పక్కన తండ్రి వదిలిపోయిన నాలుగెకరాలు, వాటిని చూసుకోవడానికి ఇల్లరికం తెచ్చుకున్న మొగుడు నరసింహ, ఇదీ ఆమె ఆస్తి. నరసింహ ఎలాంటివాడని ఊళ్లో ఎవర్నడిగినా "మస్తు హుషారు మనిషి" అంటారు. అది మెచ్చుకోలో తిట్టో చెప్పేవాడి మొహం చూసి తెలుసుకోవాల్సిందే.

ఆమెకు తమ్ముడు మాత్రం ఆసుపత్రిలో దొరికాడు. కూతురు తృప్తి పుట్టినప్పటి మాట. కాన్పయ్యాక రక్తం ఆగలేదు. మేడ్చల్‌లో మావల్ల కాదని చేతులెత్తేసి, పట్నంలో పెద్ద దవాఖానకు తీసుకుపొమ్మన్నారు. రక్తం అమ్మడం, కొనడం కుదరదని కోర్టు తేల్చి అప్పటికి కొద్ది నెలలే అయింది. అంతకుముందు గేటు దగ్గర గిరాకీ కోసం నిలబడే మనుషులు పత్తా లేరు. మీవాళ్లెవరైనా ఇస్తేనే రక్తమన్నారు బ్లడ్ బ్యాంకులో. నరసింహ తమ్ముళ్లిద్దరూ వెంటే ఉన్నారు, ఏం లాభం? ఒకాయనకు హఠాత్తుగా శనివారం ఒక్కపొద్దు గుర్తొచ్చింది. రెండో ఆయన చాయ్ తాగొస్తానని పోయి ఏకంగా అత్వెల్లిలో తేలాడు. నరసింహ సంగతి చెప్పనే అక్కర్లేదు, సూదిని చూసి బెంచీ మీద కూలబడ్డాడు.

"పైసలిస్తం, ఎవడన్న దొరుకుతడేమో సూడురా" అని జీపు నడిపి తెచ్చిన జంగయ్యను బతిమాలాడు.

జంగయ్యది ఊరి చివర మాదిగవాడ. "ఎవలో ఎందుకు పటేలా? నాది పనికొస్తదేమో సూడమనుండ్రి" అన్నాడు. పరీక్ష చేస్తే సరిపోయింది. డబ్బు పుచ్చుకోవడం లేదని అతని నోటితో చెప్పించుకుని మరీ రక్తం తీశారు.

రాధమ్మ చావు తప్పి ఇల్లు చేరాక అతన్ని పిలిపించింది. "నా ఒంట్ల నీ నెత్తురుంది. ఇగ నువ్వు నాకు తమ్మునివి" అంది. మొహమాటానికి అన్న మాట కాదది. ఏటా రాఖీ కట్టింది. పుట్టింటివాళ్లు పోయాల్సిన ఒడిబియ్యం జంగయ్య, అతని భార్య వచ్చి పోశారు. ఆ బియ్యం రాధమ్మ వండుకుని తిన్నది కూడా. నరసింహ మాత్రం ఆ పూట ఏదో పనుందని బయట తిన్నాడు.

ఎనిమిదేళ్లు గడిచాయి. చుట్టుపక్కల ప్లాట్లు, వెంచర్లు లేచి అత్వెల్లి మట్టి బంగారమైంది. బౌరంపేట వైపు ఇళ్లు కట్టి అమ్మే కృష్ణారావు ఆ నాలుగెకరాలు కొంటానని వచ్చాడు. అంతా మాట్లాడుకున్నాక, "తర్వాత తగువులు రాకూడదండీ. అమ్మగారి రక్తసంబంధీకులు ఎవరున్నా సంతకాలు పెట్టించేయండి" అన్నాడు, మామూలుగా అందరికీ చెప్పినట్టే.

గుమ్మడికాయల దొంగంటే భుజాలు తడుముకున్నాడట వెనకటికొకడు. నరసింహకు ఆ మాట పట్టుకుంది.

"జంగనితోని గూడ సంతకం పెట్టిద్దాం" అన్నాడు భార్యతో.

"ఆయనెందుకు? నెత్తురిచ్చిండు గని మా నాయినకు పుట్టలేదు గద."

"నీకు తమ్ముడని ఊరంత ఎరుకనే. రేపు ఎవడన్న ఎగదోస్తే కోర్టుకెక్కడా? నేను పిలిస్తే పరేషానైతడు. నువ్వు పిలువు. సాక్షి సంతకానికని చెప్పు."

ఏరు దాటేదాకా ఓడ మల్లయ్య, దాటాక బోడి మల్లయ్య. మొగుడి సంగతి రాధమ్మకు కొత్తేం కాదు. వద్దని గట్టిగా ఒక్క మాటంటే భూమి ఆమెది, సంతకం ఆమెది, చచ్చినట్టు వినేవాడు. అనలేదు. ఈ బేరం చెడితే కృష్ణారావు మళ్లీ రాడేమోనని ఆమెకూ లోపల బెదురుంది. ఒక్క సంతకమే కదా అని మనసుకు సర్దిచెప్పుకుని, జంగయ్య ఇంటికి పోయి, "తమ్మీ, రేపు మేడ్చల్ రావాలె. సాక్షి సంతకముంది" అని చెప్పింది.

భూమి కాగితం మీద సాక్షి అంటే ఇజ్జత్ కదా. ఇస్త్రీ చొక్కా వేసుకుని, వాడలో అందరికీ చెప్పి వచ్చాడు జంగయ్య.

రిజిస్ట్రీ ఆఫీసు ఎదుట దస్తావేజులు రాసే యజ్ఞనారాయణ, జంగయ్య పేరు మీద నరసింహ రాయించిన కాగితం చదివి వినిపించాడు. "నేను రాధమ్మగారికి ఆసుపత్రిలో రక్తం ఇచ్చిన మాట వాస్తవం. అంతమాత్రాన ఆమెకు, నాకు ఏ రక్తసంబంధమూ లేదు. తమ్ముడినని చెప్పుకుని ఆమె ఆస్తిలో ఏ హక్కూ కోరను." చదివి కళ్లద్దాలు తీశాడు. "రక్తం ఎక్కించినవాడు వారసుడైపోడు నరసింహగారూ. చట్టంలో అట్లాంటిదేమీ లేదు. ఈ కాగితం దండగ."

"ఉండనియ్యి సార్. ఎందుకన్న మంచిది."

జంగయ్య కాగితాన్ని చూడలేదు, రాధమ్మను చూశాడు. ఆమె తన చెప్పుల వంక చూసుకుంటోంది. ఇంటికి పోదాం పా తమ్మీ అందామనుకుంది. అనలేదు.

"ఇంకో ముచ్చట గూడ రాయుండ్రి సార్" అన్నాడు జంగయ్య. "ఆ నెత్తురుకు నేను పైసలు తీసుకోలేదని రాయుండ్రి. పటేలుకు అమ్ముకున్నడని మా వాడల అంటున్నరు. ఓ నకలు నాకియ్యుండ్రి, పిల్లలకు సూపిస్త."

"రాయుండ్రి, ఇంకా మంచిదే" అన్నాడు నరసింహ సంబరంగా.

జంగయ్య నిదానంగా సంతకం పెట్టాడు.

"సాక్షి ఎవరు?" అన్నాడు యజ్ఞనారాయణ.

"అక్కనే పెట్టమనుండ్రి. పైసలు తీసుకోలేదని ఆమెకే ఎరుక."

ఆ గొంతులో దెప్పిపొడుపు లేదు. ఉంటే రాధమ్మకు కాస్త తేలికయ్యేది. చివరి వాక్యం నిజం, దానికైతే ఎన్ని సంతకాలైనా పెడుతుంది. కానీ కింద పెట్టే సంతకం కాగితం మొత్తానికీ చెల్లుతుంది. నరసింహ పెన్ను చేతికిచ్చాడు. ఆమె పెట్టింది.

జంగయ్య నకలు మడిచి జేబులో పెట్టుకున్నాడు. "పోయొస్త" అన్నాడు. అక్కా అనలేదు, అమ్మా అనలేదు.

అతన్ని ఆపాలని రాధమ్మ నాలుగడుగులు వేసింది. తమ్మీ అందామంటే, కాడని ఇప్పుడే రాసిచ్చింది. జంగయ్యా అనడానికి నోరు రాలేదు. అతను రోడ్డు దాటి బస్సెక్కేదాకా ఏమని పిలవాలో తెలియక అక్కడే నిలబడిపోయింది.