పాట అయిపోయాక మిగిలిన గడ్డం

మాది గడ్డాలు గీసే ఇల్లు, పెళ్ళిళ్ళలో మేళం వాయించే ఇల్లు. మా నూజివీడు వైపు ఆ రెండు పనులూ ఒక్కరివే. పొద్దున కత్తి పట్టిన చెయ్యే సాయంత్రం డోలు ఎత్తుకుంటుంది. అందుకేనేమో, ఆ వీడియో చూసి ఊరంతా నవ్వినా మా నాన్న మాత్రం నవ్వలేదు.

దాన్ని తెచ్చినవాడు మామిడితోటల ఆసామిగారి చిన్నకొడుకు. మద్రాసులో చదువు ముగించుకుని, తన పెళ్ళికని ఊరొచ్చాడు. అతనూ నేనూ పదో తరగతి దాకా ఒకే బెంచీ మీద కూర్చున్నాం. ఆ తర్వాత అతను నన్ను ‘ఒరే’ అనడం మానలేదు, నేను మాత్రం అతన్ని ‘అండీ’ అనడం మొదలుపెట్టాను. నాది ముక్కుమీద కోపం. ఆ ‘అండీ’ అన్న ప్రతిసారీ లోపలెక్కడో చురుక్కుమనేది. అంతకుముందు ఏడాది చింతలపూడి పెళ్ళిలో మేళంవాళ్ళని దొడ్డివైపు కూర్చుని తినమన్నారని డోలు అక్కడే పడేసి నడిచొచ్చేశాను. మిగతా పెళ్ళంతా నాన్నే వాయించి, వాళ్ళకి దణ్ణం పెట్టి వచ్చాడు. ఇంటికొచ్చాక నన్ను పల్లెత్తు మాట అనలేదు. తిట్టి ఉంటే బాగుండేది.

పెళ్ళికి వారం ముందు, ఒక మధ్యాహ్నం, నూజివీడు నుంచి అద్దెకి తెచ్చిన టీవీనీ డెక్కునీ ఆసామిగారి హాల్లో పెట్టారు. కాయల షెడ్డులో గడ్డి పరిచి రసాలు సర్దుతున్న ఆడవాళ్ళు కూడా చేతులు తుడుచుకుని వచ్చి కిటికీ దగ్గర నిలబడ్డారు. ఇది వెస్టిండీస్ వైపు పాట అని చెప్పాడు పెళ్ళికొడుకు. వెస్టిండీస్ అంటే మాకు రేడియో కామెంటరీలో ఫాస్ట్ బౌలర్లే గాని పాటగాళ్ళు ఉంటారని తెలియదు.

పాటంటే పాటా కాదు. గుక్క తిప్పుకోకుండా మాట్లాడటమే. రాప్ అంటారన్నాడు. వెనక ఇత్తడి గంగాళం బోర్లించి కొట్టినట్టు ఒక చప్పుడు, దాని కింద అడుగు తడబడి మళ్ళీ నిలదొక్కుకునే దరువు. దరువు నాకు మొదటిసారే ఎక్కింది. అసలు వింత బొమ్మలో ఉంది. రేకుల కప్పు కింద ఒక కుర్చీ. మెడకి తెల్లగుడ్డ కట్టుకుని, చెంపల నిండా నురగతో పాటగాడు. అతనికి గడ్డం గీస్తున్న రెండు చేతులు. ఆ చేతుల మనిషి మొహం ఎక్కడా కనపడదు. కెమెరా కదలదు. వాడు వాగుతూనే ఉంటాడు, కత్తి చెంప మీంచి గొంతు మీదకి దిగుతూనే ఉంటుంది. చివరికి వాడు మొహం కడుక్కుని లేచిపోతాడు, ఆ చేతులు కత్తి తుడుచుకుంటాయి. నాలుగు నిమిషాలు అంతే.

“హీరోయినెప్పుడొస్తదండీ?” అంది కిటికీలోంచి ఒకావిడ. హాలంతా ఘొల్లుమంది.

నాన్న నా చెవి దగ్గర వంగి మెల్లగా అన్నాడు. “వాడు మాట్లాడేటప్పుడు కత్తి పైకే ఉంది చూశావా? ఊపిరి పీల్చినప్పుడే దించుతున్నాడు. వాడెవడో గాని పని తెలిసినోడురా.”

నేను చూడలేదు. రెండోసారి వేసినప్పుడు చూస్తే నిజమే.

ఆ సాయంత్రమే పెళ్ళికొడుక్కి ఆలోచన పుట్టింది. తనని పెళ్ళికొడుకుని చేసే రోజున బెజవాడ నుంచి వీడియో అతను వస్తాడు. మంగళస్నానానికి ముందు గడ్డం ఎలాగూ గీయాలి. ఆ పాట టేపులో పెట్టుకుని, పాడుతూ, అచ్చం అలాగే గీయించుకుంటే? గీసేది మాత్రం మా నాన్నే. తన కొడుక్కి పుట్టువెంట్రుకలు తీసిన చెయ్యే పెళ్ళి గడ్డమూ గీయాలని వాళ్ళమ్మగారు ముందే చెప్పి ఉంచారు.

నాకది మంచిది కాదనిపించింది. ఎందుకో చెప్పాలి.

నాన్న కుడిచెయ్యి అప్పటికి ఆరు నెలలుగా వణుకుతోంది. చెయ్యి ఖాళీగా ఒళ్ళో ఉన్నప్పుడు బొటనవేలూ చూపుడువేలూ బీడీ చుడుతున్నట్టు వాటంతటవే కదిలేవి. ఆసుపత్రికి పోదామంటే నీరసం అనేవాడు. ఆ ఆరు నెలలూ ఎవరైనా గడ్డానికొచ్చి మా అరుగు మీద కూర్చోగానే, “సాధన చెయ్యరా” అని నన్ను కేకేసేవాడు. పొద్దున్నే ఈ సాధనేంటని విసుక్కుంటూ కొట్టేవాణ్ణి. ఒకరోజు జి. కొండూరు నుంచి మామిడికాయల బేరానికొచ్చిన ఆయన గీయించుకుంటుండగా, డోలు వారు సడలితే బిగించడానికి ఆపాను. కుర్చీలో ఆయన అబ్బా అన్నాడు. చెంప మీద సన్నని ఎర్రగీత. నాన్న పటిక అద్దుతూ నా వైపు ఒక్కసారి చూసి తల దించుకున్నాడు.

అప్పుడు తెలిసింది నాకు. దెబ్బ పడుతున్నంతసేపే ఆయన చెయ్యి నిలుస్తుంది. నా సాధన నా కోసం కాదు. మేమిద్దరం దాని గురించి ఒక్క ముక్క మాట్లాడుకోలేదు. ఆ రోజు నుంచి నేను మధ్యలో ఆపలేదు, అంతే.

ఇప్పుడేమో పెళ్ళికొడుకు గొంతు. శుభమా అని పీటల మీదకి వెళ్ళబోయే మనిషికి నెత్తుటిచుక్క కనపడితే అపశకునం. ఆ అపశకునం మా నాన్న పేరు మీదే ఉండిపోతుంది. పక్కూళ్ళో మా పాలివాళ్ళు ఎప్పుడు సందు దొరుకుతుందా, ఆసామిగారి ఇంట్లో ఎప్పుడు అడుగు పెడదామా అని కాచుకుని ఉన్నారు. చెయ్యి వణికే మంగలిని ఏ గుమ్మం పిలుస్తుంది? నేను గీస్తానన్నాను. అడిగినందుకే ఆయన మొహం నల్లబడింది. తాను ఇంకా బతికే ఉన్నానన్నాడు. నేను అరిచాను. ఆయన అరవలేదు. తోలు మీద కత్తి నూరుకుంటూ కూర్చున్నాడు.

ఆయనే అంత మొండికేస్తే నాకు మిగిలిన దారి పెళ్ళికొడుకే. పాట నడుస్తుంటే నేను కూడా డోలు వాయిస్తానండీ అన్నాను. ఇంగ్లీషు పాటకి డోలేంట్రా అని నవ్వాడు. టేపులో దరువు ఉందిగా అన్నాడు. ఉంది, నిజమే. కాని ఆ వీడియోలో వాడిది ఒకటి రెండు రోజుల గడ్డమే. పెళ్ళికని ఇతను పదిరోజులు పెంచాడు. పాట నాలుగు నిమిషాలు. ఊపిరి సందుల్లోనే కత్తి దించుతూ పోతే ఆ గడ్డం నాలుగు నిమిషాల్లో అవదు. పాట ముందు అయిపోతుందండీ అని కూడా చెప్పాను. వీడియోలో సరిపోయిందిగా అన్నాడు. టేపు ఇంకో రెండుసార్లు వేయించుకుని, ఆ దరువు తొడ మీద వేళ్ళతో పట్టుకున్నాను.

ఆ రోజు ఉదయం పందిరి కింద పీటకి బదులు కుర్చీ వేశారు. ఇదేం విడ్డూరమని పెద్దవాళ్ళు సణుక్కున్నారు. మేళం ఆపమన్నారు. మా మేనమామ సన్నాయి ఒళ్ళో పెట్టుకుని పక్కకి తప్పుకున్నాడు. నేను మాత్రం డోలు వాయించడానికి కుడిచేతి వేళ్ళకి పెట్టుకున్న తొడుగులు తియ్యలేదు. డోలు ముందు పెట్టుకుని నాన్న చేతులు కనపడేచోట కూర్చున్నాను.

టేపు మొదలైంది. పెళ్ళికొడుకు నురగ మొహంతో నోటికొచ్చిన ఇంగ్లీషు దంచుతున్నాడు. నాన్న చెవి రిక్కించి ఆ దరువు దొరకబుచ్చుకున్నాడు. కత్తి దిగింది. కుడిచెంప శుభ్రంగా వచ్చింది. ఎడమచెంప. పెళ్ళికొడుకు ఊపిరి పీలిస్తే కత్తి కింద, మాట ఎత్తుకుంటే కత్తి పైన. చూస్తున్నవాళ్ళు తలలూపుతున్నారు. నాకు మాత్రం లాల్చీ వీపుకి అతుక్కుపోయింది. గడ్డం కింద గీత మొదలుపెట్టేసరికి వెనక గంగాళం చప్పుడు ఆగింది. ఆ చప్పుడు ఆగాక ఇక పాట ఎంతో ఉండదని నాకు తెలుసు.

టేపు టక్కుమని ఆగిపోయింది. అందరూ చప్పట్లు కొట్టారు. చప్పట్లూ ఆగిపోయాయి.

గొంతు మధ్యలో నురగ అలాగే ఉంది. పెళ్ళికొడుకు తల వెనక్కి వాల్చి కళ్ళు మూసుకుని ఉన్నాడు. నాన్న కత్తి గాల్లోకి ఎత్తి గుడ్డతో తుడిచాడు. మళ్ళీ తుడిచాడు. తుడిచిన కత్తినే మూడోసారి తుడుస్తున్నాడు. ఆ మూడోసారి బొటనవేలు కదలడం చూశాను. ఆయన నా వైపు చూడలేదు. చూస్తే పదిమందికీ తెలిసిపోతుందని.

డోలు మీద చెయ్యి వేశాను. టేపులో ఆగిన చోటునుంచే ఎత్తుకున్నాను, అదే తడబడే దరువు.

పందిరంతా నా వైపు తిరిగింది. పెళ్ళికొడుకు మేనమామ ముందుకొచ్చి శుభకార్యంలో ఆ పాడు దెబ్బలేంటి, ఆపమన్నాడు. ఆపలేదు. చెవుడా అన్నాడు. మా వృత్తి పేరు పెట్టి ఒక బూతు మాటన్నాడు. చింతలపూడిలో దీనికంటే చిన్నమాటకే లేచిపోయాను. ఇప్పుడు లేస్తే ఆ గొంతు మీద ఏం జరుగుతుందో నాకొక్కడికే తెలుసు. ఆ మేనమామ వంగి నా ఎడమచేతిలో డోలు పుల్ల లాగేసుకున్నాడు. కుడిచేతి తొడుగులతోనే వాయించాను. ఒంటిచేత్తో ఆ దరువు సగమే పలుకుతుంది. ఆ సగం చాలు.

నాన్న చెయ్యి దిగింది. గొంతు బుడిపె మీంచి ఒక గీత. పక్కన ఇంకొకటి. చివరి నురగ గుడ్డ మీదకి వచ్చింది. పటిక రాశాడు. కత్తి మడిచాడు. ఆ మడత చప్పుడు విన్నాకే నేను ఆపాను. ఎక్కడా ఎరుపు లేదు.

“నీ కొడుక్కి మర్యాద నేర్పు” అన్నాడా మేనమామ.

నాన్న చేతులు జోడించాడు. “తప్పైపోయిందండీ. కుర్రతనం.”

పెళ్ళి క్యాసెట్లో ఆ ముక్క లేదు. మేనమామగారి కేకలు ఉన్నాయని కోసేశారట. టేపు ఆగేదాకా ఉంచి, నురగ గొంతుతోనే ఆపేశారు. మిగతాది మా ఇద్దరి దగ్గరే ఉంది.

తోటల్లోంచి ఇంటికి నడుస్తున్నాం. తిట్లు పడింది నేను, తప్పు ఒప్పుకుంది ఆయన. కాయల షెడ్డు దగ్గరికొచ్చేసరికి నాన్న ఆగి, గడ్డిమోపు మీద కూర్చున్నాడు. కుడిచెయ్యి మోకాలి మీద పెట్టుకున్నాడు. అది వణుకుతోంది. మొదటిసారి దాన్ని నా ముందు దాచుకోలేదు.

“నీ కోపం నాకు తెలుసురా. ఆయన ఆ మాటన్నప్పుడు డోలు విసిరికొట్టి లేచిపోతావనుకున్నా. చాలా భయపడ్డాను.”

పుల్ల అక్కడే ఉండిపోయిందన్నాను.

భుజానున్న పొది తీసి నా ఒళ్ళో పెట్టాడు. కత్తి, సాన, పటిక, అద్దం, అన్నీ దాంట్లోనే. “రేపట్నించి ఇది నువ్వు పట్టు. డోలు నాకియ్యి. దాని మీద చెయ్యి వణికినా ఎవడికీ తెలవదు.”

పొది నేను భుజానికి తగిలించుకున్నాను. ఇంటిదాకా డోలు ఆయనే మోశాడు.