వెళ్ళొస్తానన్న మాట

ఏళ్ళ తరబడి మోస్తున్న బరువును ఇవాళ మీ ముందు దించుతున్నాను. యుద్ధాలూ వనవాసాలూ ఉన్న మహాకావ్యమిది, సర్దుకుని కూర్చోండి. అబద్ధం. ఇందులో ఉన్నది నందిగామ బస్టాండు.

నాకు ఎదుటివాళ్ళ ముఖాలు అర్థం కావు. కోపంతో అన్నారో, వేళాకోళానికి అన్నారో పోల్చుకోలేను. పుట్టుకతోనే నా మెదడు తీరు వేరని, పిచ్చి కాదని బెజవాడలో నరాల డాక్టరు ఈమధ్యే చెప్పాడు. చిన్నప్పుడు జగ్గయ్యపేటలో మా మామయ్య "వెళ్ళొస్తా అల్లుడూ" అని బస్సెక్కితే, తిరిగొస్తాడని చీకటి పడేదాకా అరుగు మీదే కూర్చున్నాను. అందరూ నవ్వారు. జోకనుకున్నారు. సరేనని జోకరునైపోయాను. దాక్కోవడానికి అంతకంటే మంచి చోటు దొరకలేదు.

నందిగామ కాలేజీలో దానియేలు కలిశాడు. అచ్చం నాలాగే. కాకపోతే వాడికి దాక్కోవడం రాదు. "మీరిద్దరూ ఒకే బాపతురా" అని ఎవడో అన్నాడు. అందరికంటే గట్టిగా నేనే నవ్వాను.

డెబ్బైల చివర్లో చదువైపోయింది. వాళ్ళమ్మ మిరప కోతలకెళ్ళి చదివించింది వాణ్ణి. కంచికచర్లలో ఒక బడిలో టీచరు ఉద్యోగానికి వాడికి ఇంటర్వ్యూ పిలుపొచ్చింది. ఇంటర్వ్యూకి వెళ్ళాల్సిన రోజు నందిగామ బస్టాండులో నా చొక్కా పట్టుకున్నాడు.

"నాతో రారా. వాళ్ళు నవ్వితే ఎందుకు నవ్వారో నువ్వు చెప్దువుగాని."

వెనక మా కాలేజీ గుంపంతా చూస్తోంది.

"వెళ్ళొస్తాలేరా," అన్నాను.

"ఇక్కడే ఉంటా. రా మరి."

మేమంతా జగ్గయ్యపేట బస్సెక్కాం.

ఎవరికైనా అది సెలవు తీసుకునే మాట. ఏ కోర్టూ శిక్ష వేయదు. కానీ వాడు ఆగుతాడని ఆ గుంపులో నాకొక్కడికే తెలుసు. ఎలా తెలుసో చెబితే నేనేమిటో బయటపడదా? భయమేనా అది? మరి బస్సులో వాడిలా తల వంచి, బిగుసుకుని నిలబడి ఎందుకు చూపించాను? విరగబడి నవ్వారు. బాగా అనుకరించావన్నారు. నిజానికి ఆ కాసేపే నేను నటించడం మానేసింది.

వాడు సాయంత్రం దాకా అక్కడే నిలబడ్డాడట. ఉద్యోగం ఇంకెవరికో పోయింది. మర్నాడు నన్ను అడిగింది ఒక్కటే.

"బస్సు దొరకలేదా?"

"దొరకలేదురా."

నమ్మాడు.

వాడికి ఈ రోజుకీ చెప్పలేదు. మీకు చెప్పాను. కాస్త తేలికైంది. తేలికపడే హక్కు నాకుందా అంటే, నన్నడక్కండి.

జగ్గయ్యపేట నుంచి నందిగామకు బస్సులు బోలెడు. సీటు కూడా దొరుకుతుంది.