వద్దనడానికే చిక్కిపోయాను

మా మేనత్త కొడుకు నన్ను ఉప్పు బస్తా అన్నాడు. మాది నౌపడ ఉప్పు మడుల పక్క ఊరు. ఉప్పు బస్తా ఎంత లావుంటుందో మాకు ఎవరూ చెప్పక్కర్లేదు. మా పెళ్ళి మాట ఎత్తడానికి అత్త వాణ్ణి వెంటబెట్టుకుని పాతపట్నం నుంచి వచ్చినప్పుడు, వాడు మా పెరట్లోనే నిలబడి వాళ్ళమ్మతో అన్నాడు.

"దాన్నా? ఆ ఉప్పు బస్తాని నాను సేసుకోనమ్మా!"

తడిక ఇవతల నేను గిన్నెలు తోముతున్నాను. పద్దెనిమిదేళ్ళు నాకు. పంతొమ్మిది వందల అరవైల చివరి మాట ఇది, ఇప్పటికీ తలుచుకుంటే ఒళ్ళు మండుతుంది.

ఏడవలేదు. నేను సన్నబడాలి, వాడంతట వాడే వచ్చి అడగాలి, పెద్దలందరి ముందూ వాడి మొహం మీదే వద్దని చెప్పాలి. అంతే, నాకింకేం అక్కర్లేదు.

అన్నం మానేశాను. నూనె, నెయ్యి ముట్టలేదు. పొద్దున్న రాగి పిండితో కాచిన సోడంబలి ఓ గ్లాసు, సాయంత్రం పల్చటి మజ్జిగ. శనివారం ఉపవాసమని అమ్మతో చెప్పాను. మంగళవారం కూడా అదే మాట చెప్పాను.

"ఏటే పిల్లా, నీకు వారానికెన్ని శనివారాలే?" అని అమ్మ నెత్తి కొట్టుకుంది.

మూడు నెలలకి జాకెట్లన్నీ వదులైపోయాయి. కళ్ళు తిరిగేవి, తిరిగితే తిరగనీ అనుకున్నాను. రెండు మూడుసార్లు కుడి డొక్కలో పోటు వచ్చింది. ఆకలి నొప్పి అనుకున్నాను.

అనుకున్నట్టే అత్త నుంచి కబురొచ్చింది, నేను సన్నబడ్డానని విని బావ ఒప్పుకున్నాడని. తాంబూలాల రోజు పొద్దున్నే అమ్మ సంబరంగా గారెలు, బూరెలు వండింది. ఇవాళ్టితో నా వ్రతం తీరిపోతుంది కదా అని నెయ్యి పోసుకుని మరీ లాగించాను.

పెద్దలు చాపల మీద కూర్చున్నారు. బావ నున్నగా తల దువ్వుకుని మధ్యలో కూర్చున్నాడు. నేను నోరు తెరిచాను. మాట రాలేదు, వాంతి వచ్చింది. డొక్క పట్టుకుని నేల మీద పొర్లాను.

రైలెక్కించి విజయనగరం తీసుకెళ్ళారు. పైత్యపు తిత్తిలో రాళ్ళన్నారు, కడుపు కోసి తీశారు. తిండి మానేసి ఒక్కసారిగా చిక్కిపోతే కొందరికి పైత్యరసం నిలవుండిపోయి రాళ్ళు కడుతుందని చాలా ఏళ్ళ తర్వాత ఒక డాక్టరమ్మ చెప్పింది. అప్పుడు మాకెవరికి తెలుసు?

మత్తు దిగాక నాకు మొదట గుర్తొచ్చింది, ఆ మాట ఇంకా చెప్పలేదని. ఇంతలో నాన్న అమ్మతో గుసగుసలాడడం వినబడింది. కడుపు కోసిన పిల్ల మాకొద్దని అత్త అంటోందట. ఆవిడెవరు వద్దనడానికి? వద్దనాల్సింది నేను! మూడు నెలల నా ఆకలి ఏ గంగలో కలవాలి?

నాలుగో రోజు బావ వచ్చాడు. చేతిలో బత్తాయిల సంచి. మంచానికి దూరంగానే నిలబడి నేల చూపులు చూస్తూ మొదలెట్టాడు.

"మాయమ్మ ఏటన్నాదంటే..."

"నోర్ముయ్యరా!" అని లేచి కూర్చున్నాను. "ఒరే బావా, నాను నిన్ను సేసుకోను. ఇన్నావా? నానే వద్దంతన్నాను. ఎల్లు!"

ఆడవాళ్ళ వార్డంతా ఇటు తిరిగింది. వాడి మొహంలో నెత్తుటి చుక్క లేదు. పక్క మంచం మీది ముసలమ్మ మోచేతి మీద లేచింది.

"మల్లీ సెప్పే పిల్లా, ఆ సివరోల్లకి ఇనబడనేదు."

మళ్ళీ చెప్పాను. రెండు కుట్లు తెగాయి.