ఓబులమ్మ గుర్రం ఎక్కిన రోజు

2023 ఆగస్టు నెల. కువైత్‌లో మధ్యాహ్నం పూట కారు తలుపు పిడి పట్టుకుంటే చెయ్యి చురుక్కుమనే రోజులు. షర్క్‌లో చేపల మార్కెట్టుకు దగ్గరగా ఉన్న ఒక ట్రావెల్ ఆఫీసులో నేను అప్పటికి పద్నాలుగేళ్ళుగా పనిచేస్తున్నాను. నా పని టికెట్లు అమ్మడం కాదు. నేను టూర్ మేనేజర్‌ని. అంటే యాత్రకు వెళ్ళే బృందాన్ని కువైత్ విమానాశ్రయంలో లెక్కపెట్టి తీసుకెళ్ళి, అంతమందినీ మళ్ళీ అక్కడే క్షేమంగా దింపేవాడిని. మధ్యలో ఏం జరిగినా జవాబుదారీ నాదే.

మాది రాయచోటి వైపు. మా పూర్వీకులు ఏడు ఊళ్ళకు కావలి పెద్దలు. మా ఇంటిని ఇప్పటికీ కోటిల్లు అంటారు. కోట లేదు, ఇల్లు కూడా ఇప్పుడు మాది కాదు. ఎలా పోయిందన్నది ఇక్కడ అనవసరం. ఉద్యోగంలో చేరిన రోజు నుంచి ఇస్త్రీ లేని చొక్కాతో నేను ఆఫీసుకు వెళ్ళలేదు. ఎవరి దగ్గరా బక్షీసు పుచ్చుకోలేదు.

ఆ నెలలో కువైత్‌లోనే ఉన్న అర్దియా పేట నుంచి ఉమ్ సాలిమ్ అనే పెద్దావిడ మా ఆఫీసుకు వచ్చారు. అరవై ఎనిమిదేళ్ళు. సాదు నేత నేస్తారు. ఎడారి గుడారాలకు నేసే పాతకాలపు ఉన్ని పట్టీలను ఇక్కడ సాదు అంటారు. మగ్గం నేలమీదే మేకులు కొట్టి పరుస్తారు. పెరూ దేశంలో ఆండీస్ కొండల మీద ఆడవాళ్ళు కూడా అలాగే నేలమీద నేస్తారని ఆవిడ ఫోనులో చూశారట.

"ఆ నేత చూడాలి. ఆ నేసేవాళ్ళ ఊరి పైన మంచుకొండ కింద ఏడు సరస్సులున్నాయట. ఆ నీళ్ళ రంగులు నా కళ్ళతో చూసి వచ్చి ఉన్నికి అద్దాలి. నా మోకాళ్ళు ఇంకో ఏడాది ఆగవు," అన్నారు.

నేత నేసే స్నేహితురాళ్ళు మరో ఐదుగురు కలిశారు. ఉమ్ సాలిమ్ ఇంట్లో పనిచేసే ఓబులమ్మ కూడా బయలుదేరింది. నలభై అయిదేళ్ళ మనిషి. పాస్‌పోర్టు ఇవ్వడానికి వచ్చినప్పుడు అందులో నా ఊరి పక్క ఊరి పేరు చూసి నేను మా ఊరి పేరు చెప్పి తెలుగులో పలకరించాను. ఆమె నన్ను తేరిపార చూసి, "మీరు కోటింటోళ్ళా సార్?" అంది.

"అవును."

"అయ్యో దొరా! మా అవ్వ మీ గుర్రాలకు గడ్డి కోసి కోసి నడుము వంగిపోయిన మనిషి. సచ్చేదాకా మీ గుర్రాల పేర్లు చెప్తానే ఉండె."

ఆ తరువాత రెండుసార్లు కూర్చోమన్నా ఆమె నా ముందు కూర్చోలేదు. నేను కూడా మూడోసారి అనలేదు.

ఇక్కడ మా వృత్తిలోని ఒక సంగతి చెప్పాలి. ప్రతి బృందానికీ ఒక గెస్ట్ లిస్ట్ ఉంటుంది. ఎవరికి ఏ గది, ఎవరికి ఏ మందు పడదు, ఎవరికి గుర్రం కావాలి, అన్నీ అందులోనే. గల్ఫ్ ఆఫీసుల్లో ఇంటి పనిమనుషుల పేర్లు ఆ జాబితా చివర, గీత కింద, 'హెల్పర్' అని రాస్తాం. గీత పైన ఉన్నవారికి అన్ని గడులూ నింపుతాం. గీత కింద పేరు, పాస్‌పోర్టు నంబరు ఉంటే చాలు. అందరూ అలాగే చేస్తారు, నేనూ అలాగే చేశాను. ఆరుగురికి ఆరు గుర్రాలు, బృందం మొత్తానికి ఒక స్పేర్ హార్స్. ఎవరికైనా ఒంట్లో బాగోకపోతే ఎక్కించడానికి ఖాళీ జీనుతో వెంట నడిచే గుర్రం అది. ఓబులమ్మ పేరు పక్కన ఏమీ లేదు. ఆమె నడుస్తుంది.

పెరూ చేరి కుస్కో నగరంలో మూడు రోజులు ఆగాం. అంత ఎత్తులో గాలి పలచన. ఒంటికి అలవాటు కాకుండా ఇంకా పైకి తీసుకెళ్ళకూడదు. నాలుగో రోజు తెల్లవారకముందే, హోటల్ కింద, ఆరుగురి వేళ్ళకూ ఆక్సీమీటర్ పెట్టాను. బట్టల క్లిప్పులాంటి చిన్న పరికరం. రక్తంలో ప్రాణవాయువు ఎంత ఉందో అంకె చూపిస్తుంది. ఉమ్ సాలిమ్‌కి వయసు ఎక్కువని రెండుసార్లు పెట్టాను. అందరివీ బాగున్నాయి.

ఓబులమ్మ పక్కనే సంచీ పట్టుకుని నిలబడి ఉంది. పరికరం నా చేతిలోనే ఉంది. "ఎట్లుంది ఓబులమ్మా?" అని అడిగాను.

"నాకేం గాలే దొరా. బాగనే ఉండా."

అంతటితో పరికరం పెట్టెలో పెట్టేశాను. ఆమె గీత కింద మనిషి అన్నది ఒక కారణం. రెండోది, ఆమె చెయ్యి పట్టుకోవడానికి నాకు సంకోచం కలిగింది. వాళ్ళ తాతలు మా గడప బయటే నిలబడేవారు. ఆ సంగతి దాచిపెట్టి రాస్తే ఇది రాయడమే దండగ.

మూడు గంటల ప్రయాణం తరువాత పచ్చంతా అనే ఊరు చేరాం. రాతిగోడల ఇళ్ళు, గొర్రెల్లా ఉన్నినిచ్చే అల్పాకాల మందలు, ఎదురుగా మంచుకొండ. నేలలో నాలుగు మేకులు కొట్టి, మగ్గం పరిచి, ఒకామె నేస్తోంది. ఉమ్ సాలిమ్ ఆ మట్టిలోనే చతికిలబడి తన సంచీలోంచి జింక కొమ్ము తీశారు. సాదు నేతలో పడుగులోకి పేకను బిగించి కొట్టే పనిముట్టు అది. ఆ ఊరామె నవ్వి తన పనిముట్టు చూపించింది. లామా అనే ఆ కొండల జంతువు ఎముక. ఆకారం ఒకటే. ఇద్దరికీ ఒక్క మాట ఉమ్మడిగా లేదు. అయినా గంటసేపు లేవలేదు. చివరికి మా స్థానిక గైడు సిసా వచ్చి గడియారం చూపించాల్సి వచ్చింది. సిసా ఆ ఊరి పిల్లే, ఇంగ్లీషు చక్కగా మాట్లాడుతుంది.

"ఒంటిగంట మన టర్న్ అరౌండ్ టైమ్. ఎక్కడున్నా సరే వెనక్కి తిరగాలి. యల్లా!" అంది. 'పదండి' అనే ఆ చివరి అరబ్బీ మాట మా ఆడవాళ్ళే నేర్పారు.

గుర్రాలను తోలుకుని వాటి యజమాని వచ్చాడు. ఖాళీగా ఉండాల్సిన ఏడో గుర్రం మీద నేను ఎక్కాను. అది తప్పని నాకు తెలుసు. కానీ గోధుమరంగు గుర్రం జీను కట్టి ముందు నిలబడితే దాని పక్కన నడవడం మా ఇంట్లో ఎవరికీ అలవాటు లేదు. ఓబులమ్మ నన్ను చూసి మురిసిపోయింది. "మా అవ్వ ఉండుంటే కండ్లారా చూసుండు," అంది. సంచీ భుజాన వేసుకుని మా వెనక నడిచింది.

మొదటి సరస్సు ఆకుపచ్చ. రెండోది నల్లగా, అద్దంలా ఉంది. మూడోదాని నీలం చూసి ఉమ్ సాలిమ్ గుర్రం మీదనే కళ్ళు తుడుచుకున్నారు. "ఓబులమ్మా, ఉన్ని నమూనాలు ఇయ్యి," అని చెయ్యి చాపారు. సంచీ రాలేదు.

వెనక్కి చూస్తే ఓబులమ్మ రాయి మీద కూర్చుని ఉంది. నేను దిగి వెళ్ళేసరికి పెదవులు నల్లబడి ఉన్నాయి.

"ఏమైంది?"

"గ్యాసు కట్టేసి వచ్చినానా దొరా? మామా అరుస్తాది," అంది. మామా అంటే ఇంటి యజమానురాలు. అర్దియా వంటింట్లోని గ్యాసు గురించి నాలుగున్నర వేల మీటర్ల ఎత్తులో అడుగుతోంది.

సిసా ఆమెను లేపి, గీత గీసినట్టు తిన్నగా, ఒక పాదం ముందు ఇంకో పాదం పెట్టి నడవమంది. రెండడుగులకే పక్కకు ఒరిగిపోయింది. ఈసారి ఆమె చెయ్యి పట్టుకుని వేలికి ఆక్సీమీటర్ పెట్టాను. అరవై ఒకటి. ఎనభైకి దిగితేనే నేను మనిషిని పైకి తీసుకెళ్ళను.

"రాత్రి వాంతులయ్యాయా?"

ఆమె తల దించుకుంది. "నాలుగుసార్లు. మామాకు చెప్పొద్దు సార్. నా వల్ల ట్రిప్పు ఆగిపోతాది. జబ్బు మనిషిని ఎవురు పెట్టుకుంటారు?"

సిసా నన్ను పక్కకు పిలిచింది. "మెదడు వాస్తోంది. కిందికి దింపడమే మందు. నడిపిస్తే చచ్చిపోతుంది. స్పేర్ హార్స్ ఎక్కించండి, ఇప్పుడే."

గోధుమరంగు గుర్రాన్ని తెచ్చి నిలబెట్టాను. ఓబులమ్మ దాన్ని చూసింది, నన్ను చూసింది, రెండు చేతులతో రాయిని పట్టుకుంది.

"ఎక్కు."

"ఎక్కను. మీరు నడుస్తాంటే నేను గుర్రమ్మింద కూర్చునేదా? మా అవ్వ గడ్డి కోసిన గుర్రాలు మీవి. నేను మెల్లగా నడుస్తా దొరా. వద్దు."

ఉమ్ సాలిమ్ అప్పటికే మోకాలు పట్టుకుని గుర్రం దిగుతున్నారు. "నాది ఎక్కమను," అన్నారు. మామా గుర్రమా అని ఓబులమ్మ ఇంకా ముడుచుకుపోయింది.

"ఆమెకు మతి తప్పింది, బలవంతంగా ఎత్తుదాం," అంది సిసా.

మతి తప్పిందన్నది నిజమే. కానీ ఈ ఒక్క విషయంలో ఆమె మతి సరిగ్గానే పనిచేస్తోందని అక్కడ నాకొక్కడికే తెలుసు. వాళ్ళ ఇంట్లో మూడు తరాలు నేర్చుకున్నదే ఆమె మాట్లాడుతోంది. బతిమాలితే లాభం లేదు. దొర బతిమాలడం కూడా వాళ్ళెప్పుడూ చూడలేదు. ఇక ఒకటే దారి కనబడింది. మా నాయన గొంతు నాకు గుర్తుంది. ఆ గొంతు తెచ్చుకున్నాను.

"ఓబులమ్మా! నేను దొరనేనా, కాదా?"

"దొరలే."

"అయితే దొర మాట దాటేంత పెద్దదానివి ఎప్పుడైనావు? ఎక్కు గుర్రం."

ఆమె లేచింది. నేను వంగి నా అరచేతులు కలిపి పట్టాను. మేము గుర్రం ఎక్కేటప్పుడు మనుషులు అలా పట్టేవారు. ఆమె పాదం పెట్టడానికి సందేహించింది. "పెట్టు," అన్నాను. పెట్టింది. బురద బూటు. ఎత్తి జీను మీద కూర్చోబెట్టి, నా మఫ్లర్‌తో నడుము దగ్గర జీనుకు కట్టాను.

సిసా మిగతా ఐదుగురినీ తీసుకుని పైకి వెళ్ళింది. గుర్రాల యజమానిని ముందుగా ఊళ్ళోకి పరుగెత్తించాం, వ్యానూ ఆక్సిజన్ సిలిండరూ సిద్ధం చేయమని. ఉమ్ సాలిమ్ మాతో వస్తానన్నారు. "నాలుగు సరస్సులు ఇంకా మిగిలాయి," అని గుర్తుచేశాను. "ఖలాస్. తిప్పు," అన్నారు.

గంటంబావు పట్టింది. పగ్గం పట్టుకుని ముందు నేను, గుర్రం మీద ఓబులమ్మ, వెనక ఉమ్ సాలిమ్. రాళ్ళదారి. పది అడుగులకోసారి నాకూ ఊపిరి అందడం లేదు, కానీ ఆగలేదు. ఆమె నిద్రపోకుండా మాట్లాడిస్తూ ఉండాలి.

"మీ అవ్వ చెప్పిన గుర్రాల పేర్లు చెప్పు."

"నీలవేణి..."

"ఇంకా?"

"తుపాకి. అది కరుస్తాదంట."

"మా తాతను రెండుసార్లు కరిచింది. ఇంకా?"

మా గుర్రాల పేర్లు నాకు మూడు తెలుసు. ఆమె ఆరు చెప్పింది.

దారిలో ఒకచోట ఉమ్ సాలిమ్ తన గుర్రాన్ని నా పక్కకు తెచ్చారు. గొంతు పెంచలేదు. "పొద్దున నా వేలికి రెండుసార్లు పెట్టావు. ఆమె వేలు నీకు కనబడలేదా?" అని అడిగారు. వృత్తిలో నన్ను ఎవరూ అంత మాట అనలేదు. "తప్పు నాది," అన్నాను. ఆ రెండు ముక్కలు అరబ్బీలో చెప్పడం అదే మొదలు.

ఊళ్ళో ఆడవాళ్ళు కంబళ్ళు కప్పి వ్యాన్‌లో పడుకోబెట్టారు. ఆక్సిజన్ పెట్టి కిందికి పోనిచ్చాం. వెయ్యి మీటర్లు దిగి చిన్న ఆసుపత్రి చేరేసరికి అంకె ఎనభై నాలుగుకు వచ్చింది. సాయంత్రానికి ఓబులమ్మ కళ్ళు తెరిచి, నీళ్ళు అడిగి, మంచం పక్కన తన బురద బూట్లు ఒళ్ళో పెట్టుకుని కూర్చున్న ఉమ్ సాలిమ్‌ను చూసి లేవబోయింది. ఆవిడ ఒక్క వేలితో నుదురు నొక్కి మళ్ళీ పడుకోబెట్టారు.

తరువాత ఓబులమ్మ నావైపు తిరిగి, గొంతు తగ్గించి, "సార్, ఒక మాట. నేను గుర్రమెక్కి మిమ్మల్ని నడిపించినానని ఊర్లో యెవురికీ చెప్పొద్దండి," అంది.

ఆమె అడిగిన ఆ ఒక్క పనీ నేను చేయలేదు. ముందు మా పెదనాయనకు చెప్పాను. ఇప్పుడు మీకు చెబుతున్నాను. ఆమె పేరు మాత్రం మార్చాను.

ఈ పనిలో నేను నేర్చుకున్నది ఇది. కొండ మీద 'నాకు బాగాలేదు' అనేవాడి గురించి భయం లేదు, వాడు చెబుతాడు. 'నాకేం గాలేదు' అని తల దించుకునేవారి వేలు పట్టుకుని చూడాలి. చెబితే ఉద్యోగం పోతుందని భయపడే మనిషి నోటిమాట ఆక్సీమీటర్‌కు బదులు కాదు. ఇప్పుడు నా జాబితాలో గీత లేదు. స్పేర్ హార్స్ జీను ఖాళీగానే వస్తుంది, నేను నడుస్తాను. పొద్దున పరికరం తీసినప్పుడు మొదట పనిమనిషి వేలికే పెడతాను.

కొందరు క్లయింట్లకు అది నచ్చదు. ముందు ఆమెకెందుకని అడుగుతారు. నేను కారణాలు చెప్పను. "మా పద్ధతి ఇది," అంటాను.