రత్న వీడియో తీసింది నేనే

ఆరేళ్లుగా ఈ మాట గొంతులోనే పెట్టుకుని తిరిగాను. పేరు చెప్పుకోలేను గానీ, జరిగింది మీకు చెబుతాను.

అమెరికాలో, టెక్సస్‌లోని ఇర్వింగ్‌లో ఎం.ఎస్. చదివే రోజుల్లో నా రూమ్మేట్ రత్న. పేరు విని మన అమ్మాయే అనుకున్నాను, ఇండోనేషియా పిల్ల. బయటికి వెళ్తే తలకి గుడ్డ చుట్టుకునేది. ఇంట్లో తనూ, తను ప్రేమించిన అబ్బాయీ పాటలు పెట్టుకుని వంట చేసుకునేవాళ్లు. ఒక ఆదివారం స్టవ్ దగ్గర ఇద్దరూ ముద్దు పెట్టుకుంటుంటే, నా గది తలుపు సందులోంచి ఫోన్‌లో తీశాను. పన్నెండు సెకన్లు. "బయట ముసుగు, లోపల ఇదీ సంగతి" అని రాసి మా తెలుగమ్మాయిల గ్రూప్‌లో పెట్టాను. నలుగురమే కదా అనుకున్నాను.

వారం తిరక్కుండా అది వాళ్ల దేశపు విద్యార్థుల గ్రూపులకి పాకింది. ముక్కూ మొహం తెలియని మగవాళ్లు దాని కింద రాసిన రాతలన్నీ చదివాను. జకార్తాలో వాళ్లన్నయ్య కూడా చూశాడు. ఎవరు బయటికి పంపారని మా గ్రూప్‌లో నేను అడగలేదు. అడిగితే మొదట పెట్టిందెవరన్న మాట వస్తుంది.

రత్న ఫోన్ పట్టుకుని నా గదిలోకి వచ్చింది. "ఇది మన ఇంట్లోనే తీశారు. ఎవరు తీసుంటారు?"

"అతనే ఫోన్ ఎక్కడో పెట్టి రికార్డ్ చేశాడేమో," అన్నాను.

నమ్మింది. అతన్ని పంపేసింది. తిండి మానేస్తే చారన్నం కలిపి నేనే తినిపించాను. క్లాసులకి వెళ్లలేక, సెమిస్టర్ మధ్యలో ఊరే వదిలి వెళ్లిపోయింది.

ఎందుకు చేశాను? సరదాకా? నేనూ అప్పుడు ఒకర్ని ప్రేమిస్తున్నాను. మా తెలుగు చర్చిలో ఎవరికైనా తెలిస్తే కాకినాడలో నాన్న తలెత్తుకోలేరని హడలిపోయేదాన్ని. పాస్టరమ్మగారు ఇంటికొస్తే నేను లైబ్రరీలో ఉన్నానని నా కోసం అబద్ధమాడింది రత్నే. అలాంటి వీడియో ఆడపిల్లనేం చేస్తుందో నాకు తెలియదా? తెలిసే చేశాను. ఇంకొకతి తప్పు చూపిస్తే నా వైపు ఎవరూ చూడరనుకున్నానేమో.

పోయిన నెల రత్న నంబర్ సంపాదించి ఫోన్ చేశాను. మొత్తం చెప్పాను. "అతనికి కూడా నువ్వే చెప్పు," అని ఫోన్ పెట్టేసింది. అతనికీ చెప్పాను. చివరిదాకా విన్నాడు.

ఇద్దరూ క్షమించలేదు. అడగడానికి నాకు నోరు రాలేదు. అయినా ఒళ్లంతా తేలికపడింది. ఆ తేలిక నాకు తగదేమో. ఉంది మాత్రం.